ఎవరి ఏడుపు, ఎవరి బదులు

పోయిన వారం మహేశ్వరిని కరీంనగర్ బస్టాండులో ఆదిలాబాద్ బస్సెక్కించి వదిలేశాం. చేతిలో ఆడవాళ్ళకు ఉచితంగా ఇచ్చే సున్నా టికెట్టు, ముక్కు మీద నూటికి నూరు పాళ్ళ కోపం, పక్క సీట్లో నల్లద్దాలు పెట్టుకున్న తల్లి సత్తవ్వ. కోపానికి కారణం మరిచిపోయినవాళ్ళకు మళ్ళీ చెబుతాను. మరిచిపోనివాళ్ళు మరోసారి కోపం తెచ్చుకోవచ్చు, నాకేం అభ్యంతరం లేదు.

కరీంనగర్‌లో మహేశ్వరిది పాత క్యాసెట్ల దుకాణం. లగ్గాలు, పుట్టువెంట్రుకలు, యూనియన్ ఎన్నికల ఊరేగింపులు, ఎవరు ఎప్పుడు తీసిన వీడియో అయినా బూజు దులిపి కంప్యూటర్లోకి ఎక్కిస్తుంది. సినిమావాళ్ళకూ టీవీవాళ్ళకూ పాత బొమ్మ కావలసి వచ్చినప్పుడు ఆమె గడప తొక్కుతారు. ఆమె అల్మారాను వాళ్ళు 'ఆర్కైవ్' అంటారు. అలా వచ్చినవాడే డైరెక్టర్ విజయేందర్. 1998లో ఏడో నంబరు బాయిలోకి నీళ్ళు తెగి ఐదుగురు కార్మికులు పోయిన ప్రమాదం మీద డాక్యుమెంటరీ తీస్తున్నానన్నాడు. బాయి అంటే బొగ్గుగని. కంపెనీ కాలనీల్లో గనిని గని అని పిలిచేది జీతాల కాగితం ఒక్కటే.

ఆ ప్రమాదం జరిగిన నాడే, ఆ కాలనీలోనే, మహేశ్వరి లగ్గం. రెండూ ఒకే టేపులో ఉన్నాయి. కాలనీ మొత్తానికి ఒకే కెమెరా, ఒకే పరశురాములు. లగ్గం తీస్తున్నవాడు సైరన్ విని, అప్పగింతలు అయీ అవగానే, టేపు మార్చకుండానే బాయి దగ్గరికి ఉరికాడు. పరశురాములు పోయి చాలా ఏళ్ళయింది. డబ్బా మీద ఆయన చేతిరాత మాత్రం పోలేదు: 'మహేశ్వరి లగ్గం, 7 బాయి'.

"లగ్గం ముట్టుకోవద్దు సారూ, బాయి కాడిదే వాడుకోండ్రి" అని ఆమె చెప్పి మరీ ఇచ్చింది. "నీ మీద ఒట్టక్కా" అన్నాడతను. ఒట్టు పెట్టినవాడు ఒట్టినే పెట్టాడని మొన్న ట్రైలర్ వచ్చాక తెలిసింది. అప్పగింతల్లో తనను కావలించుకుని ఏడ్చిన తల్లి మొహం తెరనిండా ఉంది. వెనక పిల్లనగ్రోవి. మీద ఓ బరువైన మగగొంతు: "ఇంట్లో భార్యతో గొడవపడి, సెలవు రోజున గనిలోకి దిగాడు ఓదెలు. తిరిగి రాలేదు. ఆ భార్య కన్నీరు నేటికీ ఆరలేదు."

ఓదెలు భార్య శంకరవ్వ. ఆమె ఇచ్చోడలో కూతురి దగ్గర ఉంటుంది. తెర మీద ఏడ్చింది సత్తవ్వ. సత్తవ్వ భర్త రాజలింగు బాయిలో పోనేలేదు. రిటైరై, నాలుగేళ్ళ కిందట మంచంలో పోయాడు. ఒకామె మొగుడి చావుకు ఇంకొకామె ఏడుపు! డాక్యుమెంటరీ కాదది, డాకూ మెంటరీ. ఆదివారం కరీంనగర్‌లో కార్మికుల కుటుంబాలన్నిటినీ కూర్చోబెట్టి పెద్ద తెర మీద వేస్తారట. శంకరవ్వకు ముందు వరసలో కుర్చీ వేస్తారట. ఇవాళ శుక్రవారం.

అదీ సంగతి. ఇక బస్సు కదిలింది.

సత్తవ్వకు కంట్లో శుక్లం తీసి పది రోజులే అయింది. "కండ్లళ్ళ నీళ్ళు రానియ్యకవ్వా, ఏడ్వకు" అని డాక్టరు గట్టిగా చెప్పాడు. కొత్త చూపుతో ఆమె మొదట చూసింది తన పాత ఏడుపునే. ఇంట్లో ఉండమంటే ఉండలేదు, నేనూ వస్తనని బస్సెక్కింది. దారిపొడుగునా ఆమె అడిగింది ఒక్కటే ప్రశ్న. కొండగట్టు దగ్గర కిటికీలోంచి అంజన్నకు దండం పెట్టి అడిగింది. నిర్మల్ దాటాక అడిగింది. ఇచ్చోడలో బస్సు ఆగినప్పుడు ఊరివైపు చూసి, గొంతు తగ్గించి మళ్ళీ అడిగింది.

"మాటలు ఇనవడ్తయా బిడ్డా అండ్ల?"

"ఏం మాటలే అవ్వా?"

"అదే... నేను ఏడ్చుకుంట అన్నయి."

"ఎన్నిసార్లు చెప్పాలె? ఇనవడయ్. పిల్లనగ్రోవి వెట్టిండ్రు."

"మంచిగైంది" అంది సత్తవ్వ.

ఏం మంచిగైందో మహేశ్వరికి అర్థం కాలేదు. అడగాలని కూడా తోచలేదు. కోపం ఒంటినిండా ఉన్నప్పుడు చెవుల్లో చోటుండదు.

ఆదిలాబాద్ పొలిమేరలో ఓ జిన్నింగు మిల్లు. పత్తి సీజన్ అయిపోయింది గనుక దాని గెస్టుహౌసును విజయేందర్ అద్దెకు తీసుకున్నాడు. చుట్టుపక్కల ఊళ్ళలో రెండో భాగం షూటింగు, ఇక్కడ ఎడిటింగు. గేటు దగ్గర తలపాగా చుట్టిన ముసలి వాచ్‌మన్ చెయ్యి అడ్డం పెట్టాడు.

"కుఠే చాల్లాత్ బాయీ?"

ఎక్కడికి పోతున్నారమ్మా అని మరాఠీలో మర్యాదగానే అడిగాడు పాపం. కానీ సత్తవ్వకు తెలిసిన బాయి ఒక్కటే.

"నేను బాయిని గాదు నాయినా. బాయి దిగినోని పెండ్లాన్ని. జరుగు."

జరిగాడు.

గదిలో కిటికీలకు నల్లగుడ్డలు, బల్ల మీద రెండు పెద్ద మానిటర్లు. వాటి ముందు ఎడిటర్ ఆమని కూర్చుని ఉంది, గోదావరి జిల్లా నుంచి వచ్చిన ముప్ఫయ్యేళ్ళ మనిషి. ఆమె వెనక కుర్చీలో వెనక్కి వాలి విజయేందర్. మహేశ్వరిని చూసి లేచి నిలబడ్డాడు. గడ్డం నవ్వింది, కళ్ళు నవ్వలేదు.

"అరె, మహేశ్వరక్కా! ఒక్క ఫోన్ జేస్తె బండి పంపుదు గద!"

"బండి సంగతి తర్వాత. మా అవ్వ మొఖం మీద బండ ఏసినవ్. ముందుగాల అది తియ్యి."

"కూసోండ్రక్కా. అవ్వా, నువ్వు గూడ. చాయ్ చెప్త."

"చాయ్ కోసం ఐదు గంటలు బస్సుల వస్తమా? లగ్గం ముట్టుకోనని ఒట్టు వెట్టినవా లేదా?"

విజయేందర్ చేతులు రెండూ చాపాడు. అతను డైరెక్టర్ గనుక చేతులు చాపితే గదిలోవాళ్ళు ఆగుతారని అలవాటు. మహేశ్వరి ఆగలేదు గానీ, ఊపిరి తీసుకోవలసి వచ్చింది. ఆ సందులో అతను మాట దూర్చాడు.

"అక్కా, జర నా మాటిను. దాన్ని స్టాక్ షాట్ అంటరు, ఒక తాన తీసింది ఇంకొక తాన వాడుకుంటరు. శంకరవ్వ ఏడ్చింది టేపుల ఏడ లేదు. మొత్తం సూసిన. బాయి ముంగట రాయి లెక్క నిలవడ్డది, అంతే. కన్ను తడవలే. సూసేటోనికి ఫీల్ ఎట్లొస్తది? గందుకే ప్రతీక లెక్క..."

"స్టాకా? మా అవ్వ ఏడుపు రేషన్ దుకాణంల స్టాకా, ఒకల వాటా ఇంకొకల సంచిల పొయ్యనీకె? మొగడు పోయిననాడు ఎట్ల నిలవడాల్నో శంకరవ్వకు నువ్వు చెప్తవా? ఆమె రాయి లెక్క నిలవడితె రాయి లెక్కనే సూపెట్టు. అది ఏడో బాయి, సారూ. ఏడ్చే బాయి గాదు!"

ఏడు అంటే అంకె. ఏడు అంటే ఆజ్ఞ కూడా. విజయేందర్ అంకెను వదిలేసి ఆజ్ఞను పట్టుకున్నాడు. ఏడ్వనామెను ఏడ్వమన్నాడు, ఏడ్వకపోతే ఇంకొకామెను తెచ్చి ఏడ్పించాడు.

"పొరపాటైందక్కా" అన్నాడు గొంతు మెత్తగా చేసి. ఆ మిల్లులో ఇంకా గాలిలో తేలుతున్న పత్తి అంతా గొంతులోకి పీల్చుకున్నాడేమో అన్నంత మెత్తగా. "ఒకటే టేపు, ఒకటే జాగ. సైరన్ గూడ అండ్లనే మొగుతది. లగ్గం ఏడుపో, సావు ఏడుపో మాకేం ఎరుక?"

మహేశ్వరి అతన్ని వదిలి ఆమని వైపు తిరిగింది. "అమ్మా, జర ఆ షాట్ అసలుది వెట్టు. నేనిచ్చిన టేపుల ఎట్లున్నదో గట్ల. పక్కన సినిమాల ఎట్లున్నదో గట్ల."

ఆమని డైరెక్టర్ మొహం చూసింది. అతను తల అడ్డంగా ఊపేలోపే రెండు మీటలు నొక్కింది.

ఎడమ మానిటర్ మీద ఇరవై ఏడేళ్ళ కిందటి మధ్యాహ్నం. సత్తవ్వ మెడ మీద తల పెట్టి ఏడుస్తున్న పెళ్ళికూతురు, వెనక నుంచి. మెరూన్ పట్టుచీర, కొంగులో ముడి కట్టిన ఒడిబియ్యం. ముడి సందులోంచి పసుపు బియ్యం జారి గడప మీద పడుతున్నాయి. కుడి మానిటర్ మీద సత్తవ్వ మొహం ఒక్కటే. కూతురు లేదు, కొంగు లేదు, బియ్యం లేదు.

"ఎంత పెంచిండ్రమ్మా బొమ్మను?"

"నూట అరవై శాతం అండి" అంది ఆమని తెర మీదనుంచి కళ్ళు తిప్పకుండా. "బియ్యం కనపడకుండా క్రాప్ చేయమన్నారు."

క్రాప్ అంటే రైతుకు పంట. ఈ నల్లగుడ్డల గదిలో క్రాప్ అంటే కోత. పండించి కొయ్యడం మనవాళ్ళకు తెలుసు. కోసి పండించుకోవడం ఇప్పుడు చూస్తున్నాం.

"నీది జగిత్యాల గద తమ్మీ?" మహేశ్వరి గొంతు పడిపోయింది. ఆమెను ఎరిగినవాళ్ళకు అరుపు కన్నా ఆ గొంతే భయం. "మీ అక్కకు ఒడిబియ్యం పొయ్యలేదా? ఆ కొంగు ముడి నువ్వే పట్టుకోని ఉంటవ్ గద, చిన్నప్పుడు. పసుపు బియ్యం సావు కాడ ఎవలన్న పోస్తరా? తెల్వక పెడితె పొరపాటు. బియ్యం సూసి, లగ్గమని తెల్సి, బియ్యం కోసి పెట్టినవ్. దీన్నేమంటరు మీ భాషల?"

విజయేందర్ మొహం కందింది. దొరికిపోయినవాడికి రెండు దారులు ఉంటాయి, ఒప్పుకోవడం, ఎదురు తిరగడం. తప్పు ఒప్పుకునే అలవాటు లేనివాడు గనుక తప్పునే ఒప్పు చేయబోయాడు.

"సరే అక్కా. కోసిన. ఇగ నేను గూడ ఒకటి అడుగుత. ఆ నాడు కాలనీల ఏడ్వనోళ్ళు ఎవలు? ఐదుగురు పోయిన దినం. మీ అవ్వ ఆ షాట్‌ల నీ కోసమే ఏడ్చిందని గ్యారంటీ ఏంది? సైరన్ ముందా, ఏడుపు ముందా? ఆమె కండ్లళ్ళ నీళ్ళ మీద నీ పేరు రాసున్నదా?"

"రాసున్నది!" బల్ల మీద చరిచింది మహేశ్వరి. ఆమని ముందున్న చాయ్ కప్పు ఎగిరింది. "సౌండ్ వెట్టు. మా అవ్వ 'బిడ్డా, బిడ్డా' అని ఏడుస్తది. నీ పిల్లనగ్రోవి తీసేసి సౌండ్ వెట్టు, నీ చెవులతోటి ఇను!"

అప్పుడే సత్తవ్వ లేచి కూతురి చెయ్యి పట్టుకుంది. "వద్దు బిడ్డా. తీసేస్తడట గద. పోదాం పా."

"తీసేస్తనని ఏడ అన్నడు?"

"అంటడు. ఏం కొడుకా, తీసేస్తవ్ గద? ఆ, తీసేస్తడు. పా పోదాం. బస్సు దొరకది."

"అవ్వా, నువ్వు కూసో."

ఇక్కడ ఒక సంగతి చెప్పాలి. మహేశ్వరి ఆ టేపు సౌండు జీవితంలో ఎప్పుడూ వినలేదు. ఇంట్లో ఉన్న లగ్గం క్యాసెట్‌లో అప్పగింతల దగ్గర పరశురాములు అసలు ధ్వని తీసేసి ఓ సినిమా పాట వేశాడు. అప్పట్లో అందరి అప్పగింతలకూ అంతే, ఏ ఇంటి పిల్ల వెళ్ళిపోయినా ఆ ఒక్క పాటే ఏడ్చేది. ఇక అసలు టేపును కంప్యూటర్లోకి ఎక్కించేటప్పుడు మహేశ్వరి సౌండు కట్టేసుకుని ఎక్కించింది. ఏ టేపునైనా ఆమె అట్లే ఎక్కిస్తుంది. దినానికి నాలుగు లగ్గాల బ్యాండుమేళం వింటే ఆ మనిషికి చెవులు మిగులుతాయా? ఇరవై ఏడేళ్ళుగా ఆమెకు తన లగ్గమంటే ఆ క్యాసెట్టే. బ్యాండు ఎక్కడ ఆగిందో, సైరన్ ఎప్పుడు మోగిందో, తన ఏడుపు హోరులో ఆనాడే వినలేదు. తాను కారెక్కిపోయాక సైరన్ మోగిందని ఎవరో చెప్తే అదే జ్ఞాపకమనుకుంది.

ఆమని సౌండు పెట్టింది.

ముందు బ్యాండు. గది అదిరింది. ఆ మోతలో ఎక్కడో సన్నగా, మేకపిల్ల అరుపులాగా, ఒక కూత.

మహేశ్వరి చెయ్యి గాల్లో ఆగింది. కాలనీలో పుట్టినవాళ్ళకు ఏ బాయి కూత ఏదో చీకట్లో కూడా తెలుస్తుంది. సన్నగా అరిచేది ఏడో బాయి. బ్యాండువాళ్ళు బయటి ఊరివాళ్ళు, వాళ్ళకు తెలియదు, ఊదుతూనే ఉన్నారు. తెర మీద సత్తవ్వ ఇంకా ఏడవటం లేదు. బొట్టు సరిచేస్తోంది కూతురికి. కూత విని తల ఎత్తింది. అప్పుడు, ఆ కూత తర్వాత, ఆమె మొహం విరిగింది.

"బ్యాండు ఎక్కువగా ఉంది. తగ్గించమంటారా?" ఆమని అడిగింది. "ఇప్పుడు సాఫ్ట్‌వేర్ వచ్చిందండి. మోత వేరు, గొంతు వేరు చేసేయొచ్చు."

"వద్దమ్మా" అంది సత్తవ్వ.

"చెయ్యమ్మా" అంది మహేశ్వరి. "గొంతొక్కటే వెట్టు."

బయట ఉన్న యంత్రాలు పత్తిని, గింజను వేరు చేస్తాయి. లోపల ఉన్న యంత్రం ఆ పనే చేసింది. బ్యాండు దూదిలా తేలిపోయింది. గింజ మిగిలింది.

మహేశ్వరి తల్లి పెదవులనే చూస్తోంది. 'బిడ్డా' అనాలంటే ముందు పెదవులు రెండూ కలవాలి. అవి కలవలేదు. సున్నా చుట్టాయి.

"ఓ... ఓదెలూ... ఓ ఓదెలూ... మా రాజలింగు బదులు దిగితివి గద కొడుకా... నా బిడ్డ లగ్గానికి నిన్ను బదులు వెడ్తిమి గద నాయినా..."

ఆమని స్పేస్ మీట నొక్కింది. సత్తవ్వ మొహం నోరు తెరిచినట్టే ఆగిపోయింది.

ఆ తల్లి ఏడ్చింది కూతురి కోసం కాదు. కూత కోసం.

మహేశ్వరి తల్లి వైపు తిరిగింది. సత్తవ్వ నల్లద్దాలు తీసి ఒళ్ళో పెట్టుకుంది.

"మీ బాపుకు లీవియ్యలే" అంది. "షిఫ్టు ఆఫీసరు, మనిషికి మనిషిని సూపెట్టి పొమ్మన్నడు. ఓదెలుకు ఆ దినం వారం సెలవు. మీ బాపు పోయి వాని గదువ వట్టుకోని బతిలాడిండు. నీ బిడ్డయితేంది, నా బిడ్డయితేంది అన్నడు ఓదెలు. శంకరికి చెప్పకుండ్రి, ఆమెను లగ్గానికి తోలుకపోత అన్న, తెలిస్తె తిడ్తది అన్నడు. ఆమె కొత్త చీర కట్టుకోని కూసుంటె, ఏదో ఒంక వెట్టి లొల్లి వెట్టుకోని, అలిగినట్టు జేసి ఇంట్లకెల్లి పోయిండు. సీదా బాయి దిగిండు."

"శంకరవ్వకు తెల్వదా?"

"తెల్వది."

"ఇరువై ఏడేండ్లు." అంది మహేశ్వరి. "మొగనితోటి లొల్లి వెట్టుకోని బాయిల తోలిందని కాలనీ అంత అన్నది ఆమెను. నల్లా కాడ అన్నరు, దవాఖాన్ల అన్నరు. నేనిన్న. నువ్వు నా పక్కనే ఉండి ఇన్నవ్ అవ్వా. ఊకున్నవ్."

"ఊకున్న."

"బాపు?"

"మీ బాపు సచ్చేదాక ఆమె వాకిలి ముంగట నడ్వలే. ఎనకబజారుకెల్లి తిరిగి పోయేటోడు."

"తిరిగి పోతె సరిపోతదా? ఒక్క మాట చెప్పనీకె నోరు లేకపోయెనా ఇద్దరికి?" మహేశ్వరి అరిచింది. విజయేందర్ మీద అరిచిన అరుపులన్నీ దీని ముందు గుసగుసలు. "ఈడు నీ మొఖం కోసి వాడుకున్నడని ఐదు గంటలు వీన్ని తిట్టుకుంట వచ్చిన. ఈడు బియ్యమే కోసిండు. మీరు ఆమె బతుకే కోసిండ్రు! ఇగ నేనొక పిచ్చిదాన్ని. ఎప్పుడన్న మనసు బాగలేకపోతె ఆ క్యాసెట్ ఏసుకునేదాన్ని. మా అవ్వ నా కోసం ఎంత ఏడ్చిందో అని!"

సత్తవ్వ ఏడవలేదు. డాక్టరు ఏడవవద్దన్నాడు గనుక ఏడవలేదో, ఏడిస్తే తప్పు బరువు తగ్గిపోతుందని ఏడవలేదో, నాకు తెలియదు.

తెలుగులో 'బదులు' చాలా చిన్న మాట. ఒకరి స్థానంలో ఇంకొకరు అంటే బదులు. అడిగిన దానికి జవాబు అంటే బదులు. తిరిగి ఇస్తానని తీసుకుంటే అదీ బదులే. ఓదెలు మొదటి బదులు పోయాడు. శంకరవ్వకు రెండో బదులు రాలేదు. మూడోది తీర్చే దారి రాజలింగు మంచంతోపాటే పోయింది.

చిన్నగా దగ్గాడు విజయేందర్. అతని మొహంలో ఇప్పుడు కోపం లేదు. అంతకన్నా భయపడవలసినదేదో ఉంది. ఆ కళ్ళు అప్పుడే ఎడిటింగు మొదలుపెట్టాయి.

"అక్కా" అన్నాడు నెమ్మదిగా. "తియ్యమన్నవ్ గద. ఇప్పుడు చెప్పు, ఈ షాట్ ఎట్ల తీస్త? ఇగ కోసుడే లేదు. బియ్యంతోటి పెడ్త, సౌండుతోటి పెడ్త. అబద్ధమన్నవ్ గద, నిజమే పెడ్త. ఆదివారం నాడు సినిమా దీంతోటే షురూ."

"ముందు వరసల శంకరవ్వ కూసుంటది."

"కూసోవాలె. ఆమె మొఖం మీద గూడ ఒక కెమెరా పెడ్త."

మహేశ్వరి అతని చొక్కా పట్టుకునేదే. ఈ సీరియల్ మొదలైనప్పటినుంచి ఆమె చెయ్యి అక్కడికే పోతోంది. కానీ దాని కన్నా ముందు సత్తవ్వ చెయ్యి వచ్చి కూతురి సంచిలోంచి ఫోను తీసింది.

"ఆమె తెర మీద ఇనొద్దు. నా నోట ఇనాలె" అంది. "శంకరవ్వకు కలుపు."

"ఇప్పుడా?"

"ఇరువై ఏడేండ్ల సంది ఎందుకు చెప్పలేదని అడిగితివి గద."

మహేశ్వరి కలిపింది. స్పీకరు పెట్టింది. ఒక్క రింగుకే ఎత్తారు.

"మహేశ్వరీ?" వెనక ఆటో చప్పుడు.

"నేను. సత్తవ్వను."



"మా మనుమరాలు నవ్యశ్రీ నిన్న సెల్లుల సూపెట్టింది నిన్ను" అంది శంకరవ్వ. "నీ మొఖం గింత పెద్దగ ఉన్నది. మాటల్లేవు, ఏదో ఊదుతుండ్రు. పొల్ల నవ్వింది, అమ్మమ్మా, నీ బదులు ఈమె ఏడుస్తుందేందని. నేను నవ్వలే. మల్ల ఏయమన్న. ఇరువైసార్లు ఏయించిన."

"శంకరీ..."

"నేను మా ఆయన పేరు నోటితోటి ఎన్నడు అనలే సత్తక్కా. లగ్గమైనప్పటిసంది అనలే, పోయినంక గూడ అనలే. ఎవలన్న అంటె పెదువులు సూసుడే నాకు తెల్సు. గా పేరుకు పెదువులు ఎట్ల తిరుగుతయో నాకు తెల్సినట్టు ఈ భూమి మీద ఎవలకు తెల్వది. నువ్వు ఏడ్చింది మీ బిడ్డ పేరు గాదు."

కుడి మానిటర్ మీద సత్తవ్వ మొహం తెరనిండా ఉంది. నూట అరవై శాతం. బియ్యాన్ని దాచడానికి పెంచిన బొమ్మ పెదవులను బయట పెట్టింది.

"దాని ఎనక ఇంకొక మాట అన్నవ్. అది దొరకలే నాకు. 'బదులు' అన్నట్టున్నవ్. ఎవల బదులు సత్తక్కా?" గొంతులో ఏడుపు లేదు. బాయి ముందు రాయిలా నిలబడ్డ మనిషి గొంతే అది. "గా సౌండ్ ఇందామని వస్తున్న. పోయిన నెల వీళ్ళు నన్ను మాట్లాడిపియ్యనీకె తోలుకచ్చిన మిల్లే గద."

ఆటో ఆగిన చప్పుడు ఫోనులో వినిపించింది. నల్లగుడ్డ కట్టిన కిటికీలోంచీ వినిపించింది.

"కుఠే చాల్లాత్ బాయీ?" అన్నాడు గేటు దగ్గర వాచ్‌మన్.

శంకరవ్వ జవాబు ఫోనులోంచీ, కిటికీలోంచీ ఒకేసారి వచ్చింది.

"బాయి కాడికే. జరుగు."